ఖాళీ బిందెల కచేరీ

ఆదివారం పొద్దున ఆరున్నరకు మునికుమార్ కాఫీ తాగుతూ ఆ రోజు చేయవలసిన పనులు ఒక కాగితం మీద రాసుకున్నాడు. ఎనిమిదికల్లా బిందెలన్నీ వీధి మొదట్లోకి చేరాలి. ఎనిమిదిన్నరకు చిత్రీకరణ మొదలు కావాలి. పదిహేను నిమిషాల తర్వాత ఆపాలి. తొమ్మిదికి అందరికీ ఇడ్లీలు. ఆ తర్వాత ఎవరి బిందె వాళ్లు తీసుకుని ఎవరింటికి వాళ్లు పోవాలి. ఇంత సులువైన పని తాను జీవితంలో ఎప్పుడూ పెట్టుకోలేదని ఆయనకు అనిపించింది.

మునికుమార్ పాలగుంట మునిసిపాలిటీలో, నీటి సరఫరా విభాగంలో జూనియర్ అసిస్టెంటు. పాలగుంట రేణిగుంటకూ శ్రీకాళహస్తికీ నడుమ ఉన్న చిన్న ఊరు. వారంలో ఆరు రోజులు ఆయన ‘నీళ్లు రాలేదు’, ‘వచ్చినాయి గానీ సన్నగా వచ్చినాయి’, ‘వచ్చినాయి గానీ తాగేదానికి పనికి రావు’ అని జనం చెప్పే ఫిర్యాదులు రిజిస్టరులో ఎక్కిస్తాడు. ఏడో రోజు సినిమాలు తీస్తాడు. వాటిని సినిమాలు అనేది ఊరు మొత్తంలో ఆయన ఒక్కడే.

వాటిలో కథ ఉండదు. హీరో ఉండడు. ఎవరో నలుగురు చేతికందిన వస్తువు తీసుకుని, ముందుగా అనుకోకుండా, నేర్చుకోకుండా, అప్పటికప్పుడు సంగీతం పుట్టిస్తారు. ఆయన ఎక్కడా కత్తిరించకుండా దాన్ని ఒకే పట్టున తీస్తాడు. మొదటి చిత్రంలో రేణిగుంట గూడ్సు షెడ్డు దగ్గర ఇద్దరు హమాలీలు ఖాళీ ఇనప డ్రమ్ముల మీద అరగంట వాయించారు. రెండోదాన్లో శ్రీకాళహస్తి దగ్గర ఏటి ఒడ్డున కలంకారీ గుడ్డలు ఉతికేవాళ్లు బండల మీద లయ కట్టారు. ఆయన భార్య కోమలి రెండో చిత్రం చివరిదాకా ఓపిగ్గా చూసి, “బాగుండాది. ఇంతకీ ఎప్పుడు మొదలవుతాది?” అని అడిగింది. బెంగళూరులో జరిగే ప్రయోగాత్మక లఘుచిత్రాల పండుగకు ఆ రెండింటినీ పంపితే రెండూ తిరిగొచ్చాయి.

మూడోది తిరిగి రాకూడదని ఆయన పట్టు పట్టాడు. ఈసారి వాద్యం ఖాళీ బిందె. పూలతోట వీధిలో ఆయన కాపురముండే ఇంటికి అటూ ఇటూ కలిపి ఇరవై మూడు బిందెలున్నాయి. ఇత్తడివి, స్టీలువి, ప్లాస్టిక్కువి, అంచు నొక్కుకుపోయినవి, అడుగు అతుకు వేసినవి. ఒక్కొక్కటి ఒక్కో గొంతుతో పలుకుతుంది. అయితే నీళ్లుంటే పలకదు. ఆ వీధికి నాలుగు రోజులకొకసారి నీళ్లు వస్తాయి. అన్ని బిందెలూ ఒట్టిపోయేది నాలుగో రోజున మాత్రమే. ఆ నాలుగో రోజు, ఆఫీసు సెలవు ఉండే ఆదివారం, ఈ రెండూ కలిసేది ఇరవై ఎనిమిది రోజులకొకసారి. నీటి సరఫరా విభాగంలో పదకొండేళ్లు పనిచేసినవాడు కాబట్టి ఈ లెక్క ఆయనకు కాగితం లేకుండానే తెలుసు. పండుగకు చిత్రాలు పంపడానికి ఆఖరు గడువు సోమవారం సాయంత్రం ఆరు గంటలు. అంటే ఈ ఆదివారం తప్పితే మళ్లీ ఏడాదే.

ఎనిమిదికల్లా పదకొండు మంది ఆడవాళ్లు బిందెలతో వచ్చారు. అందరికంటే ముందు వచ్చింది నాగులమ్మ. డెబ్భై ఏళ్ల మనిషి. ఆకుకూరలు అమ్ముతుంది. ఆమె ఇత్తడి బిందె ఆమె పెళ్లినాటిది. ఆమె వెనకాలే నిస్సీ వచ్చింది. తిరుపతిలో ఒక ఆస్పత్రిలో నర్సు, చర్చిలో పాటల బృందానికి ఆమే పెద్ద. ఆదివారం ఆరాధన పదిన్నరకు, అంతలోపల వదిలేస్తానంటేనే వస్తానని చెప్పి వచ్చింది. కోమలి రెండు స్టీలు బిందెలు తెచ్చి, ఇడ్లీ పిండి పులిసిపోతుందేమోనని ఇంటివైపు చూస్తూ కూర్చుంది.

మునికుమార్ వాళ్ల ముందు నిలబడి మూడు నియమాలు చెప్పాడు.

“ఒకటి. ఈడ పెద్ద లేదు, చిన్న లేదు. ఎవురూ ఎవురికీ చెప్పేది లేదు. రెండు. పక్కన ఏ సద్దు వినపడినా దానికి మీ బిందెతో బదులు చెప్పాల. ఊరికే ఉండేది గూడా బదులే. మూడోది ముఖ్యం. నేను ఈ పచ్చ తువ్వాలు ఊపేదాకా నోట్లోంచి ఒక్క మాట రాకూడదు. ఎవురొచ్చినా, ఏమడిగినా బిందెతోనే జవాబు.”

“ఎవురొచ్చినానా?” అంది నాగులమ్మ.

“ఎవురొచ్చినా, పెద్దమ్మా.”

“మా అల్లుడొస్తే?”

“అల్లుడొచ్చినా బిందే.”

నాగులమ్మ ఆ మాటకు బాగా సంతోషపడింది.

వీధి మొదట్లో ఒకవైపు మూతపడిన రైసు మిల్లు గోడ, ఇంకొకవైపు కల్యాణమండపం గోడ. రెండింటి నడుమ చప్పుడు కొట్టి తిరిగి వస్తుంది. అందుకనే ఆయన ఆ చోటు ఎంచుకున్నాడు. బిందెలు ఒకే వరసలో కనబడాలి కాబట్టి అడ్డంగా పేర్పించాడు. వీధి వెడల్పు చాలక, వరస కాస్త వంకర తిరిగి, చివరి ఐదు బిందెలూ వాటి వెనక ఇద్దరు ఆడవాళ్లూ తిరుపతి రోడ్డు మీదికి వచ్చారు. ఫ్రేములో చూస్తే ఆ వంకర చాలా అందంగా ఉంది. గాలి చప్పుడు పడకుండా జామకాయల తోపుడు బండికి దుప్పటి కట్టి, దాని వెనక సెల్‌ఫోనును స్టాండుకు బిగించి, చెవులకు హెడ్‌ఫోన్లు తగిలించుకుని, చిన్న ముక్కాలిపీట మీద కూర్చున్నాడు. దుప్పటి సందులోంచి ఫోను కన్ను తప్ప బయటికి ఏమీ కనబడదు. ఎనిమిది ముప్పై రెండుకు ఎర్ర చుక్క వెలిగింది.

మొదటి నిమిషం ఎవరూ కదల్లేదు. తర్వాత నాగులమ్మ వేలి కణుపుతో ఇత్తడి బిందె మెడమీద ఒక్కటి కొట్టింది. ణంగుమని ఆ నాదం రెండు గోడలనూ తాకి వచ్చింది. నిస్సీ ప్లాస్టిక్కు బిందె మీద అరచేత్తో మెల్లగా బదులిచ్చింది. కోమలి రెండు బిందెల మీదా గాజులు తగిలేలా చెయ్యి దులిపింది. దుప్పటి వెనక మునికుమార్ ఒళ్లు జలదరించింది. పదకొండేళ్లుగా బిందెల గురించి రాస్తున్నాడు గానీ అవి మాట్లాడగా వినడం ఇదే మొదలు.

మూడో నిమిషంలో ఒక ఆటో వచ్చి ఆగింది. దారికడ్డంగా బిందెలు. డ్రైవరు హారన్ కొట్టాడు. రెండో నియమం ప్రకారం పదకొండు మందీ దానికి బదులిచ్చారు. డ్రైవరు ఆశ్చర్యపోయి మళ్లీ కొట్టాడు. మళ్లీ బదులు వచ్చింది. వాడు కోపంతో పట్టి వదలకుండా కొట్టాడు. దానికి నిస్సీ కింద స్థాయిలో ఒక దరువు అందుకుంది. ఆటో వెనక తిరుపతి బస్సు వచ్చి ఆగి, రెండు స్వరాల హారన్ మోగించింది. ఇంత మంచి అవకాశాన్ని మునికుమార్ కలలో కూడా అనుకోలేదు. బస్సు వెనక పాల వ్యాను, దాని వెనక రెండు కార్లు, ఒక ఇటుకల ట్రాక్టరు నిలబడ్డాయి. అన్నీ మోగాయి. అన్నిటికీ బదులు దొరికింది.

రోడ్డుకు అవతల టీ కొట్టు ముందు ఢిల్లీబాబు కూర్చుని ఉన్నాడు. ఆయన ఒక పత్రికకు పాలగుంట విలేకరి. నాలుగు రోజులుగా వార్త దొరకక, ఆ ముందురోజే ఒక తప్పిపోయిన ఆవు గురించి రాశాడు. రోడ్డుకడ్డంగా వరసగా ఖాళీ బిందెలు, వెనక మౌనంగా కూర్చున్న ఆడవాళ్లు, ఆగిపోయిన బస్సు కనబడేసరికి, టీ గ్లాసు దించకుండానే ఫోను తీసి లైవ్ పెట్టాడు.

“అమ్మా, నీళ్లొచ్చి ఎన్ని దినాలాయె?” అని నాగులమ్మ ముందు గొంతుక్కూర్చున్నాడు.

నాగులమ్మ ఆయన మొహం చూసింది. మూడో నియమం గుర్తు తెచ్చుకుంది. బిందె మీద మూడు దెబ్బలు కొట్టింది.

“మూడు దినాలా?”

నిస్సీ వైపు నుంచి పెద్ద దరువు వచ్చింది. అందరూ అందుకున్నారు.

“మూడు వారాలా?”

దరువు ఇంకా పెరిగింది. ఢిల్లీబాబు ఫోనులోకి తిరిగి గంభీరంగా చెప్పాడు. “చూస్తా ఉండారు గదా. మూడు వారాలుగా చుక్క నీళ్లు లేక, మాట్లాడేదానికి గూడా గొంతు తడి లేక, పూలతోట వీధి మహిళలు బిందెలతో మౌనపోరాటానికి దిగినారు.”

హెడ్‌ఫోన్లలో ఈ మాట విన్న మునికుమార్ పీట మీద కొంచెం లేచాడు. మొన్న గురువారం పొద్దున వీధికి నీళ్లు వచ్చినట్టు తన చేత్తో తానే రాశాడు. బయటికి పోయి అది చెప్పాలి. పోతే ఆరో నిమిషం దగ్గర తన గొంతు పడుతుంది, తన కాళ్లు ఫ్రేములోకి వస్తాయి, చిత్రం పోతుంది. ఇరవై ఎనిమిది రోజుల లెక్క గుర్తొచ్చింది. మళ్లీ కూర్చున్నాడు. విలేకరి గొంతు బాగానే ఉంది, అదీ ఒక వాద్యమే అనుకున్నాడు.

ఆగిన రెండు కార్లలో మొదటిదాన్లో అసిస్టెంట్ ఇంజనీరు సుబ్రమణ్యం ఉన్నాడు. నీటి సరఫరా విభాగానికి ఆయనే అధికారి, అంటే మునికుమార్‌కు పైవాడు. భార్యతో కాణిపాకం బయలుదేరి, పట్టుపంచె కట్టుకుని, నుదుట విభూతి పెట్టుకుని, ఒళ్లో టెంకాయల సంచితో కూర్చుని, ఈ బస్సు ఎందుకు కదలడం లేదని విసుక్కుంటున్నాడు. అప్పుడే కమిషనర్ ఫోను వచ్చింది.

“ఏమయ్యా సుబ్రమణ్యం, పూలతోట వీధిలో గొడవంట. మూడు వారాలుగా నీళ్లు లేవంట. ఎక్కడున్నావు నువ్వు?”

సుబ్రమణ్యం కారు అద్దంలోంచి చూశాడు. ఎదురుగా వీధి బోర్డు ఉంది. “పూలతోట వీధిలోనే ఉండాను సార్.”

కమిషనర్ గొంతు మెత్తబడింది. “ఆదివారం పూట అప్పుడే వచ్చేసినావా? భేష్. పావుగంటలో తేల్చు.”

ఇక దిగక తప్పలేదు. టెంకాయల సంచి భార్యకు ఇవ్వడం మరిచిపోయి అట్లాగే చేత్తో పట్టుకుని సుబ్రమణ్యం జనాన్ని తోసుకుంటూ వచ్చాడు. ఫోను తెర మీద మొదట పట్టుపంచె అంచు, తర్వాత పొట్ట, ఆ తర్వాత మొహం కనబడేసరికి మునికుమార్‌కు చెమటలు పట్టాయి. ప్రభుత్వోద్యోగి ధర్నాలో పాల్గొనకూడదు. భార్యను కూర్చోబెట్టకూడదు. అసలు ధర్నాయే కాదని ఇప్పుడు చెప్పినా ఎవరు నమ్ముతారు. తెర మీద ఎనిమిదో నిమిషం నడుస్తోంది. రేపు కొలువు పోతే పోతుంది, ఇయ్యాల చిత్రం పోకూడదు అనుకుని ఆయన రెండు చేతులతో పీట అంచు గట్టిగా పట్టుకున్నాడు.

“ఏమ్మా, ఏం గావాల మీకు?” అన్నాడు సుబ్రమణ్యం. “నోరు తెరిచి చెప్తే గదా తెలిసేది.”

నాగులమ్మ ఒక్క దెబ్బ కొట్టింది.

ఆ చప్పుడుకు ఆయన అదిరి, సంచి వదిలాడు. ఒక టెంకాయ దొర్లుకుంటూ పోయి కోమలి బిందెకు తగిలింది. బిందె ఖంగుమంది. పదకొండు మందీ ఆ టెంకాయకు ఒక్కసారిగా బదులిచ్చారు. సుబ్రమణ్యం టెంకాయ తీసుకోవడానికి వంగి, కోమలిని చూశాడు.

“మీరు మన మునికుమార్ ఇంట్లోవాళ్లు గదమ్మా? మా ఇంటి గృహప్రవేశానికి వచ్చినారు గదా?”

కోమలి భర్త కొలువును తలుచుకుంది. భర్త మూడో నియమాన్నీ తలుచుకుంది. గాజులతో రెండు బిందెల మీదా సన్నగా గలగలలాడించింది. అది అవునో కాదో సుబ్రమణ్యానికి అర్థం కాలేదు.

“సార్, లైవ్‌లో ఉండారు,” అని ఢిల్లీబాబు గుర్తు చేశాడు.

సుబ్రమణ్యం నిటారుగా నిలబడి విభూతి చెదరకుండా చెమట తుడుచుకున్నాడు. “సరే. నాలుగు దినాలకొకసారి వదులుతా ఉండాము. ఇంకమీదట మూడు దినాలకొకసారి వదులుతాము. ఇంక లేయండి.”

మూడు అన్న మాట విని నాగులమ్మ మూడు కొట్టింది. కానీ మూడోది కొంచెం ఎడంగా, తేలిగ్గా, చిన్నచూపు చూస్తున్నట్టు కొట్టింది. వరసలో కొందరు ఆ మూడో దెబ్బను అట్లాగే అందుకుని కొట్టారు. సుబ్రమణ్యానికి అది నచ్చనట్టు అర్థమైంది.

“అట్లయితే దినం విడిచి దినం. అంతకు మించి నా చేతిలో లేదమ్మా.”

అప్పుడు అందరూ ఆపేశారు. ఊరకే ఉండడమూ బదులేనని మునికుమార్ చెప్పి ఉన్నాడు. బస్సు ఇంజన్ కూడా ఆగింది. పదకొండు చేతులు బిందెల మీద ఊరికే ఆనుకుని ఉన్నాయి. రైసు మిల్లు గోడ మీద పావురాలు కదిలిన చప్పుడు హెడ్‌ఫోన్లలో స్పష్టంగా వినబడింది. ఇంత చక్కటి నిశ్శబ్దం తన రెండు చిత్రాల్లో ఎక్కడా లేదని మునికుమార్ కళ్లు చెమ్మగిల్లాయి. సుబ్రమణ్యం కళ్లూ చెమ్మగిల్లాయి గానీ కారణం వేరు. తిట్టే జనాన్ని ఆయన ఇరవై ఏళ్లుగా చూస్తున్నాడు. తిట్టకుండా చూస్తూ కూర్చునే జనాన్ని చూడడం ఇదే మొదటిసారి.

పావు నిమిషం గడిచింది. అర నిమిషం గడిచింది. నిస్సీ చిటికెన వేలితో బిందె అంచు మీద, వినీ వినబడనట్టు, గడియారం ముల్లులాగా కొట్టడం మొదలుపెట్టింది.

“సరేమ్మా,” అన్నాడు సుబ్రమణ్యం. “దినామూ. దినామూ పొద్దున ఆరు నుంచి ఏడు దాకా.”

“సార్, ఆ మాట ఇంకొకసారి. ఇందాక మనుషులు అడ్డమొచ్చినారు,” అన్నాడు ఢిల్లీబాబు.

“దినామూ పొద్దున ఆరు నుంచి ఏడు దాకా. రేపటి నుంచి.”

నాగులమ్మ రెండు చేతులతో బిందె మీద దరువు అందుకుంది. అదివరకు పడిన చప్పుళ్లన్నీ, ఆటో హారనూ, బస్సు రెండు స్వరాలూ, టెంకాయ దెబ్బా, అన్నీ ఆ దరువులోకి వచ్చి చేరాయి. జనం చప్పట్లు కొట్టారు. ఆ హోరు ఆగదేమోనని భయపడి సుబ్రమణ్యం గొంతు పెంచాడు. “రేపటి నుంచి కాదు, ఇప్పటి నుంచే. చెంగయ్యా, యాడుండావు?”

చెంగయ్య వాల్వు తిప్పే మనిషి. జనంలో నిలబడి ఇదంతా చూస్తున్నాడు. “ఈడనే సార్.”

“వాల్వు తిప్పు.”

“సార్, ఇయ్యాల వీళ్ల వంతు కాదు. ఇయ్యాల ఆఫీసర్ల కాలనీది.”

“ఆఫీసర్ల కాలనీలో ఉండేది నేనే. తిప్పమంటా ఉండానా లేదా?”

వాల్వు గుంత పది అడుగుల దూరంలోనే ఉంది. చెంగయ్య తిప్పాడు. పన్నెండో నిమిషంలో కల్యాణమండపం గోడ పక్కనున్న వీధి కొళాయి మొదట గాలి కక్కి, తర్వాత దగ్గి, ఆ తర్వాత ధారగా నీళ్లు వదిలింది. అంతే. పదకొండు మందీ లేచారు. ఇరవై మూడు బిందెలూ లేచాయి. తెర మీద ఖాళీ రోడ్డు మిగిలింది, నడుమ టెంకాయ పట్టుకుని సుబ్రమణ్యం ఒక్కడే మిగిలాడు.

మునికుమార్ తెర మీద అంకె చూశాడు. ఇంకా మూడు నిమిషాలు కావాలి. పదిహేను నిమిషాలకు తక్కువైతే పండుగవాళ్లు తీసుకోరు. తువ్వాలు మీదికి పోబోయిన చేతిని వెనక్కి లాక్కున్నాడు. ఆపకూడదు అనుకున్నాడు. తెరలో ఏమీ లేకపోయినా ఆపకూడదు. అప్పుడు హెడ్‌ఫోన్లలో ఆ ధ్వని వినబడింది. బిందె నిండుతున్న కొద్దీ దాని గొంతు మెల్లగా పైకెక్కుతుంది. ఒకటి నిండి పక్కకు జరిగేసరికి ఇంకొకటి కింద స్వరం నుంచి మొదలవుతుంది. ఇత్తడిది ఒక తీరు, స్టీలుది ఒక తీరు, ప్లాస్టిక్కుది ఒక తీరు. తెర మీద ఇంజనీరు తల కాస్త పక్కకు వంచి ఆ ధ్వని వింటున్నట్టే నిలబడి ఉన్నాడు. నిజానికి ఆయన కమిషనర్‌కు ఏం చెప్పాలా అని ఆలోచిస్తున్నాడు. సరిగ్గా పదిహేనో నిమిషం దాటాక మునికుమార్ పచ్చ తువ్వాలు ఊపాడు. చూసినవాళ్లు ఒక్కరూ లేరు.

ఇంటికొచ్చాక ఆయన భార్యతో, “మీరందరూ నియమం తప్పకుండా భలే నిలబడినారు. సారు అన్నిసార్లు అడిగినా ఒక్కరూ నోరు తెరవలేదు. నా చిత్రం కోసరం ఇంత పట్టుదల చూపిస్తారని నేననుకోలేదు,” అన్నాడు.

కోమలి నిండు బిందె పొయ్యి పక్కన దించింది. “మూడు దినాలకొకసారి అన్నప్పుడే నాగులమ్మవ్వ నాకు కన్ను కొట్టింది. నీ చిత్రమంటే అప్పుడు ఎవురికి గుర్తుండాది? ఇడ్లీలు తిను.”

సోమవారం పొద్దున మునికుమార్ ఒక సంజాయిషీ లేఖ రాసుకుని, చొక్కా జేబులో పెట్టుకుని ఆఫీసుకు పోయాడు. పత్రికలో మూడో పేజీలో సుబ్రమణ్యం టెంకాయతో ఉన్న ఫోటో పడింది. ‘బిందెల మౌనపోరాటం, పావుగంటలో పరిష్కరించిన ఏఈ’ అని శీర్షిక. కమిషనర్ అందరి ముందూ ఆయన భుజం తట్టాడట. మునికుమార్‌కు పిలుపు వచ్చేసరికి పదకొండయింది.

“ఏమప్పా మునికుమార్, నువ్వు ఆ వీధిలోనే గదా ఉండేది,” అన్నాడు సుబ్రమణ్యం. “దాని వెనకాల ఎవురో గట్టి మనిషి ఉండాడు. మాట్లాడకుండా కూర్చోబెట్టినాడు సూడు, అది మామూలు తెలివి కాదు. ఎవురు వాడు?”

మునికుమార్ లేఖ తీసి బల్ల మీద పెట్టాడు. “నేనే సార్. అది పోరాటం కాదు. సంగీతం.”

సుబ్రమణ్యం లేఖ చదివాడు. మళ్లీ చదివాడు. “అంటే నేను బేరమాడింది సంగీతంతోనా?”

“అవును సార్.”

“దినామూ నీళ్లిస్తానని మాటిచ్చింది సంగీతానికా?”

“దరువుకు సార్.”

ఆయన చేయి చాపి ఫోను అడిగాడు. పదిహేను నిమిషాలూ కదలకుండా చూశాడు. తన టెంకాయ బిందెకు తగిలే చోట ఒకసారి వెనక్కి జరిపి చూశాడు. అందరూ ఆపేసిన చోట ఆయనకు మళ్లీ చెమట పట్టింది. చివర్లో బిందెలు నిండే చోట తల కాస్త పక్కకు వంచాడు. ఫోను బల్ల మీద బోర్లించాడు.

“ఇది బయటికి పోతే నా పరువేం గావాల?”

“ఈ సాయంత్రం ఆరు లోపల పంపాల సార్.” మునికుమార్ లేఖను బల్ల మీద ఇంకొంచెం ముందుకు జరిపాడు. “మీరు మెమో ఇస్తే తీసుకుంటాను. పంపొద్దంటే మాత్రం వినలేను. పోనీ మీరుండేది కత్తిరిద్దామంటే, ఒకే పట్టున తీసింది సార్, కత్తిరిస్తే చిత్రమే లేదు.”

సుబ్రమణ్యం లెక్క వేసుకున్నాడు. ఇచ్చిన మాట వెనక్కి తీసుకునే వీలు లేదు. పత్రికలో పడింది, కమిషనర్ భుజం తట్టాడు, అందులో తానే ఆఫీసర్ల కాలనీ నీళ్లు ధారాదత్తం చేశాడు. పొద్దున భార్య ఆ విషయం రెండుసార్లు గుర్తు చేసింది కూడా.

“చివర్లో పేర్లు వేస్తారు గదా,” అన్నాడు నెమ్మదిగా. “వాయించిన వాళ్లవి.”

“వేస్తాము సార్.”

“ఆ టెంకాయ సద్దు నాదే గదప్పా.”

ఆ సాయంత్రం ఐదూ యాభైకి చిత్రం బెంగళూరుకు పోయింది. చివరి పేర్లలో ‘ఇత్తడి బిందె: నాగులమ్మ’, ‘ప్లాస్టిక్కు బిందె: నిస్సీ’ అని వరసగా వచ్చి, ఆఖరున ‘టెంకాయ: ఎస్. సుబ్రమణ్యం, బి.టెక్., అసిస్టెంట్ ఇంజనీరు’ అని పడింది. ఆ ఒక్క పేరు మిగతావాటికంటే కాస్త పెద్ద అక్షరాల్లో ఉంది. అది ఆయన కోరిక.

నెలన్నర తర్వాత ఉత్తరం వచ్చింది. చిత్రానికి రెండో బహుమతి. మునికుమార్ ఆఫీసు మెట్ల మీదే కూర్చుని చదువుకున్నాడు. మొదటి పేరా చదివి, రెండో పేరా చదివి, కాగితం గబగబా మడిచాడు. అప్పటికే సుబ్రమణ్యం వెనక నిలబడి ఉన్నాడు.

“ఏమంటా ఉండారు? చదువు, చదువు. నా గురించి ఏమన్నా రాసినారా?”

“రాసినారు సార్. ఇంటికి పోయి తీరిగ్గా...”

సుబ్రమణ్యం కాగితం లాక్కుని పైకే చదివాడు. “బిందెలు వాయించిన మహిళల సహజత్వం అపూర్వం. నిశ్శబ్దాన్ని కూడా వాద్యంగా వాడుకున్న తీరు మమ్మల్ని కదిలించింది. అయితే ఇంజనీరు వేషం వేసిన నటుడు కొంత అతి చేశాడు. నిజజీవితంలో ఏ ఇంజనీరూ నీళ్లివ్వడానికి అంత త్వరగా ఒప్పుకోడు.”

ఆయన కాగితాన్ని ఉన్న మడతల మీదే జాగ్రత్తగా మడిచి, మునికుమార్ చేతిలో పెట్టి మెట్లెక్కి పోయాడు.

మర్నాడు పూలతోట వీధికి నీళ్లు గంట ఆలస్యంగా వచ్చాయి.